ఇరవై ఏళ్ల గృహరుణం: కట్టేదెంత, ఖర్చయ్యేదెంత?

సందేహవాది: హైదరాబాద్‌లో మియాపూర్ వైపు 65 లక్షల ఫ్లాట్ ఒకటి అనుకుందాం. చేతిలో ఉన్న 15 లక్షలు పోగా 50 లక్షలు బ్యాంకులో తీసుకుంటారు. వడ్డీ 8.5 శాతం, గడువు 20 ఏళ్లు. నెలకు 43,391 రూపాయల ఈఎంఐ. కొనేవాళ్లు ఈ అంకెను జీతంతో పోల్చుకుంటారు, సరిపోతుందనిపిస్తే సంతకం పెట్టేస్తారు. దాన్ని 240తో హెచ్చవేసి చూసేవాళ్లు తక్కువ. హెచ్చవేస్తే కోటీ 4 లక్షల 14 వేలు వస్తుంది. తీసుకున్నది 50 లక్షలు, దాని మీద వడ్డీ 54 లక్షలు. మొదట పెట్టిన 15 లక్షలూ కలిపితే 65 లక్షల ఇంటికి కోటీ 19 లక్షలు పోతున్నాయి. ఇంత పెద్ద కొనుగోలును దాని పూర్తి వెల తెలియకుండా చేస్తున్నారన్నదే నా మొదటి అభ్యంతరం.

అనుకూలవాది: మీ హెచ్చవేతలో తప్పు లేదు. కానీ ఈ నెల కట్టే 43 వేలనూ ఇరవయ్యో ఏట కట్టే 43 వేలనూ ఒకే బరువుగా తూస్తున్నారు. ధరలు ఏటా 5 శాతం చొప్పున పెరిగాయనుకోండి. చివరి నెల కట్టే ఈఎంఐ విలువ నేటి లెక్కలో 16,400 దాటదు. 240 ఈఎంఐలనూ అదే పద్ధతిలో నేటి విలువకు తెచ్చి కూడితే దాదాపు 66 లక్షలవుతుంది. అంటే 50 లక్షలు ఇప్పుడు వాడుకున్నందుకు మనం నిజంగా అదనంగా ఇస్తున్నది 16 లక్షలు. జీతం ఏటా ఎంతో కొంత పెరుగుతుంది, ధరలు పెరుగుతాయి, ఈఎంఐ మాత్రం పెరగదు. మొదటి మూడేళ్లు మెడ మీద బరువనిపించిన అప్పు పదో ఏటికి మామూలు నెల ఖర్చుల్లో కలిసిపోవడం ఎంతోమంది ఉద్యోగుల ఇళ్లలో చూస్తూనే ఉన్నాం.

సందేహవాది: జీతం కూడా ధరలతో సమంగా పెరిగిన వారికే ఆ మాట వర్తిస్తుంది. ప్రైవేటు ఉద్యోగంలో నలభై అయిదు దాటాక జీతం పెరగకపోవచ్చు, ఉద్యోగమే ఉండకపోవచ్చు. ద్రవ్యోల్బణం అప్పును కరిగిస్తుందన్నది నిజమే. ఆదాయం నిలిచిపోయిన మనిషికి మాత్రం అది ముందు బియ్యం, పప్పు, బడి ఫీజుల మీద పడుతుంది. అప్పుకు ఇవ్వడానికి మిగిలేది తగ్గుతుంది.

ఇంకో సంగతి. ఈ అప్పులో భారం ముందు వైపే ఉంది. మొదటి నెల కట్టిన 43,391లో వడ్డీకి 35,417 పోతుంది, అసలుకు జమయ్యేది 7,974. మొదటి ఏడాది మొత్తం 5 లక్షల 20 వేలు కడితే అసలు తగ్గేది లక్షలోపే. వడ్డీ వాటాను అసలు వాటా దాటడానికి దాదాపు పన్నెండేళ్లు పడుతుంది. తీసుకున్న అప్పులో సగం తీరడానికి 13 ఏళ్ల 10 నెలలు. అయిదేళ్లకే బదిలీ అయిందనో, కుటుంబ అవసరమొచ్చిందనో ఇల్లు అమ్మాల్సి వస్తే లెక్క ఇదీ: కట్టింది 26 లక్షలు, అప్పు తగ్గింది 6 లక్షల లోపు, ఇంకా 44 లక్షలు బాకీ. అప్పు ఇరవై ఏళ్లది సరే, మనిషి జీవితం ఇరవై ఏళ్లపాటు ఒకే దారిలో నడుస్తుందా?

అనుకూలవాది: అంత త్వరగా ఊరు మారే అవకాశం ఉన్నవారు కొనకూడదు. ఆ మాట ఒప్పుకుంటాను. కనీసం ఏడెనిమిదేళ్లు అదే ఊళ్లో ఉంటామన్న నమ్మకం లేకపోతే అద్దె ఇల్లే మేలు. కానీ వడ్డీ ముందు ఎక్కువగా ఉండటం బ్యాంకు వేసిన ఎత్తేమీ కాదు. మొదట్లో బాకీ ఎక్కువ కాబట్టి వడ్డీ ఎక్కువ, బాకీ తగ్గేకొద్దీ వడ్డీ తగ్గుతుంది.

ఇప్పుడు అద్దె సంగతి చూద్దాం. అదే ఫ్లాట్‌కు నెలకు 20,000 అద్దె అనుకుందాం. ఏటా 5 శాతం పెరిగితే ఇరవై ఏళ్లలో కట్టే అద్దె 79 లక్షలు. పదిహేడో ఏట అద్దె మన ఈఎంఐని దాటిపోతుంది. ఈఎంఐ ఇరవయ్యో ఏట ఆగిపోతుంది, అద్దెకు చివరి కిస్తీ అంటూ ఉండదు. మీరు 54 లక్షల వడ్డీని చూపి భయపెడుతున్నారు. 79 లక్షల అద్దెను ఎందుకు చూపరు?

సందేహవాది: చూపుతాను. అయితే కొనే వైపు ఖర్చులన్నీ కూడా బల్ల మీదకు రావాలి. తెలంగాణలోనైనా ఆంధ్రప్రదేశ్‌లోనైనా స్టాంప్ డ్యూటీ, బదిలీ సుంకం, రిజిస్ట్రేషన్ ఫీజు కలిసి 7.5 శాతం. మన 65 లక్షల మీద అది 4 లక్షల 87 వేలు. ఇంకా కడుతూ ఉన్న ఫ్లాట్ అయితే జీఎస్టీ 5 శాతం, అంటే మరో మూడుంపావు లక్షలు. బ్యాంకు అప్పు లెక్కించే విలువలో స్టాంప్ డ్యూటీ, రిజిస్ట్రేషన్ చేరవు కాబట్టి ఆ డబ్బు చేతి నుంచే పోవాలి. ఆపైన ప్రాసెసింగ్ ఫీజు, లాయరు ఫీజు, దస్తావేజులు బ్యాంకులో పెట్టినందుకు రాయించే పత్రం ఖర్చు, అప్పుతో పాటే అంటగట్టే బీమా. ఆ బీమా ప్రీమియాన్ని అప్పులోనే కలిపేస్తే దాని మీదా ఇరవై ఏళ్లు వడ్డీ పడుతుంది. గృహప్రవేశానికి ముందే చెక్కపని, ఫ్యాన్లు, మోటారు. తర్వాత ఏటా ఆస్తి పన్ను, నెలనెలా మెయింటెనెన్స్, పదేళ్లకోసారి రంగులు, లిఫ్టు మరమ్మతు.

మొదటి రోజే చేతి నుంచి పోయిన 15 లక్షలూ, రిజిస్ట్రేషన్ డబ్బూ కలిపితే దాదాపు 20 లక్షలు. ఆ మొత్తం ఏటా 7 శాతం చొప్పున ఇరవై ఏళ్లు పెరిగితే దాదాపు 77 లక్షలయ్యేది. ఈఎంఐకీ అద్దెకీ తేడా మొదట్లో నెలకు 23 వేలు. అదీ పొదుపులో పడితే అద్దె ఇంట్లో ఉన్నవాడి చేతిలో ఇరవై ఏళ్ల తర్వాత చెప్పుకోదగ్గ నిధే ఉంటుంది. ఇల్లు కొన్నవాడికి అది అందకుండా పోయింది. దాన్ని ఖర్చు కాదంటారా?

అనుకూలవాది: ఖర్చే. కాకపోతే మీ లెక్కలోని ఆ అద్దె మనిషి మీకు ఎక్కడ కనిపించాడు? నెలకు 23 వేలు తప్పకుండా పక్కన పెట్టి, ఇరవై ఏళ్లు ముట్టుకోకుండా ఉన్నవాణ్ణి చూపించండి. మన ఇళ్లలో మిగిలిన డబ్బు ఎలా పోతుందో మీకు తెలియనిది కాదు. చెల్లెలి పెళ్లి, బావమరిది వ్యాపారం, నాన్నగారి ఆపరేషన్, పండక్కి నగ, కొత్త కారు. మిగిలితేనే పొదుపు, సాధారణంగా మిగలదు. ఈఎంఐ అలా కాదు. ఒకటో తేదీ జీతం, అయిదో తేదీ కోత. బంధువులకు చెప్పలేని ‘లేదు’ అనే మాట ఈఎంఐ ఉన్నందుకే చెప్పగలుగుతారు. ఇరవై ఏళ్ల తర్వాత అప్పు తీరిన ఇల్లు ఉంటుంది, లెక్కల్లో కనబడిన నిధి ఉండదు. మధ్యతరగతి కుటుంబాల్లో చాలామందికి జీవితం మొత్తంలో మిగిలిన ఆస్తి ఆ ఇల్లొక్కటే.

సందేహవాది: ఆ మాటలో బలముంది. కాదనను. పొదుపు అలవాటు లేనివాడికి గృహరుణం ఒక కట్టుబాటు. కానీ ఆ కట్టుబాటుకు ఏటా ఎనిమిదిన్నర శాతం రుసుము ఇస్తున్నాడని గుర్తుండాలి. ఆ రేటు కూడా అతని చేతిలో లేదు.

2022 మేకి ముందు రిజర్వు బ్యాంకు రెపో రేటు, అంటే బ్యాంకులకు అది అప్పిచ్చే వడ్డీ, 4 శాతం. 2023 ఫిబ్రవరికి 6.5 శాతం. తొమ్మిది నెలల్లో రెండున్నర శాతం పెరిగింది. 2019 అక్టోబరు తర్వాత బ్యాంకుల్లో తీసుకున్న ఫ్లోటింగ్ రేటు గృహరుణాలు బయటి ప్రామాణిక రేటుకు, ఎక్కువగా ఈ రెపోకే, ముడిపడి ఉన్నాయి. 6.75 శాతానికి 50 లక్షలు తీసుకున్న ఒకరిని ఊహించండి. ఈఎంఐ 38,018. ఏడాది కట్టాక బాకీ 48 లక్షల 77 వేలు. అప్పుడు ఒక్కసారిగా రేటు 9.25 అయిందనుకుంటే నెల వడ్డీయే 37,600. పాత ఈఎంఐనే కొనసాగిస్తే అసలుకు చేరేది నెలకు 420 రూపాయలు. 19 ఏళ్లు మిగిలిన అప్పు 48 ఏళ్లు దాటిపోతుంది. ఆ రోజుల్లో ఈఎంఐ మారలేదని నిశ్చింతగా ఉన్నవాళ్లు ఎందరో తమ గడువు రిటైర్మెంటు దాటిపోయిందని తర్వాతెప్పుడో తెలుసుకున్నారు.

అనుకూలవాది: అది అన్యాయమే. అందుకే 2023 ఆగస్టులో రిజర్వు బ్యాంకు నిబంధన తెచ్చింది. రేటు మారినప్పుడు ఈఎంఐ పెంచాలా, గడువు పొడిగించాలా, రెండూ కొంత కొంతా చేయాలా అన్నది ఎంచుకునే హక్కు అప్పు తీసుకున్నవారిది. నెల వడ్డీ కూడా తీరనంతగా గడువు సాగదీయకూడదు. స్థిర వడ్డీకి మారే వీలు కూడా 2025 అక్టోబరు దాకా తప్పనిసరిగా ఇవ్వాల్సి ఉండేది. రేటు ఎప్పుడూ పైకే పోదు కూడా. 2025లో రెపో 6.5 నుంచి 5.25 శాతానికి దిగింది. దిగినప్పుడు ఈఎంఐ తగ్గించుకోకుండా పాత మొత్తమే కడుతూ పోతే గడువు ఏళ్ల తరబడి తగ్గుతుంది.

నా వాదనలో ముఖ్యమైనది ఇప్పుడు చెబుతాను. మీరు చెప్పిన 54 లక్షలు సంతకం రోజునే ఖాయమయ్యే వెల కాదు. వ్యక్తులు సొంతానికి తీసుకున్న ఫ్లోటింగ్ రేటు గృహరుణాన్ని ముందే తీర్చినా, కొంత భాగం కట్టినా రుసుము ఉండదు. ఏడాదికి ఒక్క ఈఎంఐ అదనంగా కట్టండి. ఇరవై ఏళ్ల అప్పు పదహారు ఏళ్ల ఎనిమిది నెలలకు తీరుతుంది, పది లక్షలు మిగులుతాయి. జీతం పెరిగినప్పుడల్లా ఈఎంఐని ఏటా 5 శాతం పెంచుకుంటూ పోతే పన్నెండేళ్లు దాటిన కొద్ది నెలలకే తీరుతుంది. అదీ ఎలాంటి నష్టభయం లేని 8.5 శాతం లాభం. పీపీఎఫ్ ఇచ్చేదే 7.1. అప్పు అసలు వెల ఎంతన్నది కట్టేవాడి నడత మీద ఆధారపడుతుంది.

సందేహవాది: ఇక్కడే మిమ్మల్ని ఆపుతాను. ఇందాక మీరే అన్నారు: మనవాళ్లకు కట్టుబాటు లేకపోతే డబ్బు మిగలదని, అందుకే ఈఎంఐ మేలని. ఇప్పుడేమో బలవంతం లేకుండానే ఏటా అదనంగా ఒక ఈఎంఐ కడతారంటున్నారు. ఈఎంఐ పోగా మిగిలిన డబ్బుకు బావమరిది వ్యాపారం అడ్డు రాదా? రెండు మాటలూ ఒకే మనిషికి ఎలా అతుకుతాయి?

అనుకూలవాది: పూర్తిగా అతకవు. నా వాదనలో అది బలహీనమైన చోటే. కానీ మీ వాదనకూ అదే ఇబ్బంది ఉంది. అద్దె మనిషి ఈఎంఐకీ అద్దెకీ ఉన్న తేడాను ఏళ్ల తరబడి తూచా తప్పకుండా పొదుపు చేస్తాడని మీరు నమ్ముతున్నారు. అదే మనిషి ఇల్లు కొంటే ఏడాదికొక్క ఈఎంఐ ఎక్కువ కట్టలేడంటున్నారు. క్రమశిక్షణ ఉన్నవాడికి రెండు దారులూ మంచివే. లేనివాడి దగ్గర ఏ దారిలో నష్టం తక్కువ అన్నదే మనం అడగాల్సిన ప్రశ్న. లేనివాడికి కనీసం ఇల్లైనా మిగులుతుంది.

సందేహవాది: మిగులుతుంది, ఆదాయం ఆగకపోతే. మీ దారిలో ఆ షరతు ఎక్కువ కఠినం. అద్దె మనిషి ఒక నెల పొదుపు మానేస్తే ఎవరూ నోటీసు ఇవ్వరు. ఈఎంఐ 90 రోజులు ఆగితే అది మొండి బాకీ. 2002 నాటి సర్ఫేసీ చట్టం కింద 60 రోజుల నోటీసు ఇచ్చి, కోర్టుకు వెళ్లకుండానే బ్యాంకు ఇంటిని స్వాధీనం చేసుకోవచ్చు. చేతికొచ్చే జీతంలో సగం ఈఎంఐకే పోయేవారి దగ్గర ముందుగా కట్టడానికి డబ్బెక్కడుంటుంది? ముందే తీర్చే సౌకర్యం మిగులు ఉన్నవాడికే సౌకర్యం. ఎక్కువ వడ్డీ కట్టేది మిగులు లేనివాడే.

వారికి బ్యాంకు చూపే మార్గమేమిటి? గడువు ముప్పై ఏళ్లు చేయడం. ఇరవై ఏళ్ల ఈఎంఐ 43,391, ముప్పై ఏళ్లది 38,446. నెలకు తగ్గేది 4,945. పెరిగే వడ్డీ 34 లక్షలు. మొత్తం వడ్డీ 88 లక్షలు దాటుతుంది. కొంచెం ఇరుకు పడి పదిహేనేళ్లకు 49,237 కట్టగలిగినవాడికి వడ్డీ 38 లక్షల 63 వేలే. ఒకే ఇల్లు, ఒకే రేటు. స్తోమత తక్కువ ఉన్నవాడికి ఎక్కువ వెల.

అనుకూలవాది: ముప్పై ఏళ్లు పూర్తిగా కట్టేవారి విషయంలో మీతో వాదించను. అయితే అదే ముప్పై ఏళ్ల గడువును ఇంకోలా వాడుకోవచ్చు. 38,446కు ఒప్పందం రాసుకుని ప్రతి నెలా 43,391 కట్టండి. ఇరవై ఏళ్లకే తీరుతుంది, వడ్డీ పెరగదు. ఉద్యోగం పోయిన ఏడాది మాత్రం తప్పనిసరిగా కట్టాల్సింది 38 వేలే. కష్టకాలానికి అదొక రక్షణ. గడువు పొడవుగా ఉండటం తప్పు కాదు, పొడవంతా వాడుకోవడమే ఖరీదు.

పన్ను విషయంలో కూడా మా వైపు వాళ్లు చెప్పే మాట ఒకటి వెనక్కి తీసుకుంటాను. ‘గృహరుణం తీసుకుంటే పన్ను ఆదా’ అని ఇంకా చెబుతుంటారు. పాత పద్ధతిలో సొంతంగా ఉండే ఇంటికి ఏటా 2 లక్షల వరకు వడ్డీ మినహాయింపు ఉంది, 30 శాతం శ్లాబులో ఉన్నవారికి 62,400 ఆదా. కొత్త పద్ధతిలో అది లేదు, 2023-24 నుంచి కొత్తదే సాధారణ పద్ధతి అయింది. పన్ను కోసం అప్పు చేయమనే సలహాకు ఇప్పుడు కాళ్లు లేవు.

సందేహవాది: మీరు అంత దూరం వచ్చారు కాబట్టి నేనూ ఒకటి ఒప్పుకోవాలి. ఇంటి ఓనరు ‘మా అబ్బాయి అమెరికా నుంచి వస్తున్నాడు, ఖాళీ చేయండి’ అన్నప్పుడు పడే ఇబ్బందికి నా లెక్కలో గడి లేదు. పిల్లల బడి మారడం, మంచాన ఉన్న అమ్మను కొత్త ఇంటికి మోయడం, అరవై అయిదేళ్ల మనిషి మళ్లీ అద్దె ఇల్లు వెతుక్కోవడం, ఇవన్నీ ఖర్చులే. అవి లేవన్నట్టు మాట్లాడటం నిజాయితీ కాదు.

అయినా మీ లెక్కలో గడి లేని ఖర్చూ ఒకటుంది. ఈఎంఐ ఉన్న మనిషి నచ్చని ఉద్యోగం వదలలేడు. సొంతూళ్లో పెద్దవాళ్లకు తోడుగా ఉందామనుకున్నా వెళ్లలేడు. జీతం తక్కువైనా ఇష్టమైన పనిలోకి మారలేడు. ఇరవై ఏళ్లంటే మనిషి పనిచేసే వయసులో సగానికి పైనే. ఆ ఏళ్లలో వదులుకున్న దారుల విలువ వడ్డీ కన్నా తక్కువని ఎలా అంటాం?

అనుకూలవాది: తక్కువని అనను. ఆ దారులు కొందరికి ఉంటాయి, చాలామందికి ఇల్లున్నా లేకున్నా ఉండవు అంటాను. పిల్లలున్న ఇంట్లో అద్దె కట్టేవాడూ ఉద్యోగం అంత తేలిగ్గా వదలలేడు. ఇంటి విలువను కూడా మీరు ఇంతవరకూ లెక్కలోకి తీసుకోలేదు. ఇరవై ఏళ్ల తర్వాత ఆ ఫ్లాట్‌కు ఎంతో కొంత ధర ఉంటుంది.

సందేహవాది: ఉంటుంది, భూమికి. ఫ్లాట్‌లో మన వాటాకు వచ్చేది కొద్ది గజాల నేల. పెరిగేది ఆ గజాల ధరే, గోడల విలువ ఏటా తరుగుతుంది. స్థలం కొన్నవాడికి హైదరాబాద్ ఇచ్చిన లాభం చూపి ఫ్లాట్ కొన్నవాడికి ఆశ పెట్టకూడదు. పైగా ఉంటున్న ఇంటి ధర పెరిగితే చేతికొచ్చేదేమీ లేదు. అమ్మితే మరో ఇల్లు కావాలి, దాని ధర కూడా పెరిగే ఉంటుంది.

అనుకూలవాది: అందుకే లాభం కోసం కొనమని నేను అనడం లేదు. ఉండటానికి కొనమంటున్నాను. కొనే ముందు చూసుకోవాల్సిన వాటి మీద మనిద్దరికీ పెద్దగా తేడా లేదనుకుంటాను. ఒక్క ఈఎంఐ కాదు, పూర్తి గడువుకు కట్టే మొత్తం తెలుసుకోవాలి. నెలవారీ చెల్లింపుల పట్టిక అడిగి తీసుకుని బాకీ ఏ ఏడాదికి ఎంతుంటుందో చూడాలి. రేటు రెండు శాతం పెరిగితే తట్టుకోగలమా అని లెక్క వేయాలి. ఆరు నెలల ఈఎంఐకి సరిపడా డబ్బు పక్కన లేకుండా డౌన్ పేమెంట్ మొత్తం ఊడ్చి కట్టకూడదు. వీటన్నిటికీ అవునన్నవాడు మాత్రం ఎందుకు ఆగాలి? ఆగిన ప్రతి ఏడాదీ అద్దె పోతుంది, అప్పు తీర్చే వయసు ఒక ఏడాది ముందుకు జరుగుతుంది.

సందేహవాది: ఆ ప్రశ్నలకు అవునన్నా ఇంకొకటి మిగులుతుంది. ముప్పై అయిదేళ్లకు ఈ అప్పు తీసుకున్నవాడికి యాభై నిండేసరికి పదిహేనేళ్లు కట్టినా ఇంకా 21 లక్షల బాకీ ఉంటుంది. ఆ ఏడాది ఉద్యోగం పోతే అతని పరిస్థితి ఏమిటి? అద్దెలో ఉన్నవాడు మర్నాడే చిన్న ఇంటికో, ఖమ్మం లాంటి ఊరికో మారి ఖర్చు సగం చేసుకోగలడు. ఇతను ఇల్లు అమ్మి, అదీ తొందరలో అమ్మి, అప్పు తీర్చుకోవాలి.

అనుకూలవాది: అదే యాభైలో అద్దె మనిషి కట్టేది నెలకు దాదాపు 41,600. మీరన్నట్టు చిన్న ఇంటికి మారతాడు, సరే. అక్కడా అద్దె పెరుగుతూనే ఉంటుంది, ఎన్నేళ్లు కట్టాలో అతనికి తెలియదు. కొన్నవాడికి తీరాల్సింది 21 లక్షలని తెలుసు, దానికి బదులుగా అమ్ముకోవడానికి ఇల్లుంది. ఆ రోజు మీ మనిషి దగ్గర ఇరవై లక్షల మీద పదిహేనేళ్లు పెరిగిన నిధి నిజంగా ఉంటే గెలుపు మీదే. లేకపోతే?

సందేహవాది: లేకపోతే మీదే. కానీ యాభయ్యో ఏట ఏం ఉంటుందో ముప్పై అయిదేళ్లప్పుడు తేల్చుకోవాలి. అందుకు జవాబు బ్యాంకు ఇచ్చే పట్టికలో లేదు, గడిచిన పదేళ్ల తన సొంత పాస్‌బుక్కులో ఉంది. జీతం పెరిగినప్పుడల్లా పొదుపు పెరిగిందా, ఖర్చు పెరిగిందా? అది చూడకుండా కొన్నవాడికీ ఆగినవాడికీ మన ఇద్దరి లెక్కలూ పనికిరావు.